ఆట హాల్లోకి రావాలి

ట్యాబ్‌లో ఆడే గేమ్‌ని టీవీకి ఎక్కిస్తే బొమ్మ పెద్దదవుతుందని అందరూ అనుకుంటారు. నిజంగా మారేది ఆట జరిగే చోటు. పిల్లల గేమ్‌ల మీద గంటల లెక్కతో పోరాడి అలసిపోయిన ఇళ్లకి ఈ చోటు లెక్కే ఎక్కువ పనికొస్తుంది.

చోటు విలువ కొండపల్లి బొమ్మని చూస్తే తెలుస్తుంది. విజయవాడ పక్కనున్న ఇబ్రహీంపట్నం రింగ్ దగ్గర నిలబడితే ఒకపక్క కృష్ణా నది ఒడ్డుకి వెళ్లే ఫెర్రీ రోడ్డు, ఇంకోపక్క కొండపల్లి కొండలు, ఆ నడుమ 1979 నుంచి రాత్రీపగలూ నడుస్తున్న థర్మల్ కేంద్రం పొగగొట్టాలు. పక్కనే ఉన్న కొండపల్లిలో తెల్లపొణికి కర్రని చెక్కి, చింతగింజల పొడి, రంపపు పొట్టు కలిపిన మక్కుతో అతుకులు వేసి, రంగులద్ది బొమ్మలు చేస్తారు. అంబారీ ఏనుగైనా, దశావతారాలైనా, తాటిచెట్టు ఎక్కే గీత కార్మికుడైనా ఆ బొమ్మకి ఇంట్లో ఒక చోటుంది. సంక్రాంతికో దసరాకో కొలువులో మెట్టెక్కుతుంది, పేరంటానికి వచ్చిన వాళ్లందరి కంటా పడుతుంది, మిగతా రోజుల్లో హాల్లో అద్దాల బీరువాలో ఉంటుంది. 2020 ఆగస్టు 30న ప్రధాని నరేంద్ర మోదీ ‘మన్ కీ బాత్’లో బొమ్మల తయారీ కేంద్రాలను చెబుతూ కొండపల్లి పేరు ప్రస్తావించారు. అదే ప్రసంగంలో మన కథలతో మన కంప్యూటర్ గేమ్‌లు తయారుచేయమని యువతను కోరారు. కర్రబొమ్మ, కంప్యూటర్ ఆట ఒకే ప్రసంగంలో పక్కపక్కన చేరాయి గానీ ఇళ్లల్లో వాటి చోట్లు వేరు. బొమ్మ హాల్లో ఉంటే, గేమ్ మంచం మీదో మేడమెట్ల మీదో దుప్పటి కిందో ఒక్కరి చేతిలో ఉంది. పిల్లలు ఆడే గేమ్ కూడా ఆ బొమ్మలాగే హాల్లో కొలువుతీరాలి, అందుకు ఇంట్లో ఉన్న టీవీయే తగిన మెట్టు అన్నది ఈ కథనం వాదన.

ప్రభుత్వ బడి పిల్లల ఇళ్లలోకి ట్యాబ్ ఎలా వచ్చిందో ఒకసారి గుర్తుచేసుకోవాలి. 2022 డిసెంబరు 21న అప్పటి ముఖ్యమంత్రి వై.ఎస్. జగన్మోహన్ రెడ్డి బాపట్ల జిల్లా యడ్లపల్లిలో ఎనిమిదో తరగతి విద్యార్థులకి ట్యాబుల పంపిణీ ప్రారంభించారు. ఉపాధ్యాయులకి ఇచ్చినవీ కలుపుకుని 5 లక్షల పైచిలుకు శాంసంగ్ ట్యాబులు, వాటిలో బైజూస్ పాఠాలు. మరుసటి ఏడాది అదే తేదీన అల్లూరి సీతారామరాజు జిల్లా చింతపల్లిలో రెండో విడత మొదలైంది. 2024లో ప్రభుత్వం మారాక పంపిణీ కొనసాగలేదు. అదే కాలంలో బడుల బాగుకి చేపట్టిన నాడు–నేడు కార్యక్రమం కింద పై తరగతుల గదుల్లోకి పెద్ద డిజిటల్ ప్యానెళ్లు, ప్రాథమిక పాఠశాలల్లోకి స్మార్ట్ టీవీలు వచ్చాయి. అంటే బడిలో పాఠాన్ని తరగతి అంతా చూసే తెర మీదికి ఎక్కించిన ప్రభుత్వమే, ఇంటికొచ్చేసరికి దాన్ని ఒక్కరు చూసే 8.7 అంగుళాల తెరలోకి దించింది. అప్పట్లో రాద్ధాంతమంతా ట్యాబు ధర మీద, బైజూస్ ఒప్పందం మీద, పిల్లలు పాఠాలు మాని గేమ్‌లు ఆడుతున్నారన్న ఆరోపణ మీద నడిచింది. పనికిరానివి పడకుండా సాఫ్ట్‌వేర్ తాళం వేశామని ప్రభుత్వం జవాబు చెప్పింది. తాళం ఉందా, ఊడిందా అన్న దగ్గరే చర్చ ఆగిపోయింది. ఆ తెరని ఇంట్లో ఎక్కడ కూర్చుని, ఎవరి ముందు వాడాలన్న సంగతి పెద్దగా చర్చకే రాలేదు.

నిజానికి తెర ఒక్కరిదిగా మారడం మొన్నమొన్నటి ముచ్చట. తెలుగు పల్లెకి టీవీ తొలిసారి వచ్చినప్పుడు అది ఊరి ఉమ్మడి ఆస్తి. 1975 ఆగస్టు నుంచి ఏడాదిపాటు ఉపగ్రహం ద్వారా నడిచిన ‘సైట్’ ప్రయోగంలో ఆరు రాష్ట్రాల్లో 2,400 ఊళ్లకి టీవీలు ఇచ్చారు. వాటిలో అప్పటి ఆంధ్రప్రదేశ్ ఊళ్లూ ఉన్నాయి. వీడియో గేమ్ కూడా టీవీని ఆసరా చేసుకునే పుట్టింది. 1972లో అమెరికాలో వచ్చిన మాగ్నవాక్స్ ఒడిస్సీ టీవీకి తగిలించుకునే పెట్టె. 1983లో జపాన్‌లో నింటెండో ఫ్యామికామ్ తెచ్చింది. దాని నకళ్లు తొంభైల్లో రకరకాల పేర్లతో మన ఊళ్లకి చేరి, క్యాసెట్ గుచ్చితే మారియో, కాంట్రా, తుపాకీతో బాతుల వేట ఆడించాయి. జాయ్‌స్టిక్‌లు రెండే కాబట్టి మూడోవాడు పక్కన కూర్చుని వంతు కోసం ఎదురుచూస్తూ, అడక్కపోయినా సలహాలిస్తూ ఉండేవాడు. స్మార్ట్‌ఫోన్, ట్యాబ్ వచ్చి గేమ్‌ని ఆ గుంపులోంచి విడదీశాయి. 2017లో నింటెండో తెచ్చిన స్విచ్‌ని చూస్తే ఆ కంపెనీకి ఈ విడిపోవడం సంగతి తెలుసనిపిస్తుంది. చేతిలో పట్టుకుని ఆడే పరికరాన్ని ఒక స్టాండులో దించగానే అదే ఆట టీవీలోకి మారిపోతుంది, పక్కవాళ్లు చేరిపోవచ్చు. మన ఇళ్లల్లో ట్యాబు, టీవీ రెండూ ఉన్నాయి. లేనిదల్లా ఈ రెంటినీ కలిపే అలవాటు.

పెరిగేది బొమ్మ కాదు, దూరం

టీవీలో గేమ్ అనగానే ముందు వచ్చే అభ్యంతరం కళ్ల గురించి. అంత పెద్ద తెర ముందు కూర్చుంటే చూపు పాడైపోదా అంటారు. టేపు పెట్టి కొలిస్తే లెక్క తిరగబడుతుంది. ప్రభుత్వం ఇచ్చిన రకం 8.7 అంగుళాల ట్యాబ్‌ని అడ్డంగా పట్టుకుంటే తెర వెడల్పు సుమారు ఏడున్నర అంగుళాలు. దాన్ని కంటికి పద్నాలుగు అంగుళాల దూరంలో పట్టుకున్నారనుకుందాం. అప్పుడా తెర చూపులో 30 డిగ్రీల మేర పరుచుకుంటుంది. 43 అంగుళాల టీవీ వెడల్పు ముప్పై ఏడున్నర అంగుళాలు. ఎనిమిది అడుగుల దూరంలో సోఫాలో కూర్చుంటే అది 22 డిగ్రీలే ఆక్రమిస్తుంది. టీవీ తెర వైశాల్యం ట్యాబ్‌కి దాదాపు 24 రెట్లున్నా, కంటికి కనిపించే బొమ్మ మాత్రం ట్యాబ్‌లో కంటే చిన్నదే. రెండూ ఒకేలా కనపడాలంటే టీవీకి ఆరడుగుల లోపలికి జరగాలి. కాబట్టి ట్యాబ్ నుంచి టీవీకి వెళ్లినప్పుడు ఆడే పిల్లకి పెరిగేది బొమ్మ కాదు. తెరకీ తనకీ మధ్య దూరం దాదాపు ఏడు రెట్లు పెరుగుతుంది. ఆ ఖాళీలోకి తమ్ముడో నాన్నమ్మో వచ్చి కూర్చోవచ్చు. పద్నాలుగు అంగుళాల్లో ఆ వీలు లేదు.

కంటి వైపు నుంచి చూసినా ఈ దూరం మంచిదే. దగ్గరి వస్తువుని చూడాలంటే కంటిలోని కండరం బిగిసి లెన్సుని లావు చేయాలి. లెన్సు బలాన్ని కొలిచే డయాప్టర్లలో చెబితే, పద్నాలుగు అంగుళాల దూరానికి ఆ శ్రమ సుమారు 2.8, ఎనిమిది అడుగులకి 0.4. గంటల తరబడి దగ్గర చూపుతో చేసే పనికీ, పిల్లల్లో దూరపు చూపు తగ్గడానికీ సంబంధం ఉందని ఎన్నో పరిశీలనలు చెబుతున్నాయి. మెడ సంగతీ అంతే: ఒళ్లో ట్యాబ్ పెట్టుకుంటే తల వంగుతుంది, ఎదురుగా టీవీ ఉంటే నిటారుగా ఉంటుంది. అలాగని టీవీ కంటికి మందేమీ కాదు. పిల్లల చూపుని కాపాడే విషయంలో బలమైన ఆధారాలున్నది ఆరుబయట వెలుతురుకి. తైవాన్ 2010 నుంచి బడిపిల్లలని రోజుకి రెండు గంటలు బయట తిప్పే కార్యక్రమం పెట్టాక, అంతకుముందు ఏటేటా పెరుగుతూ వచ్చిన చూపు లోపాలు వెనక్కి తగ్గడం మొదలైంది. మే నెల మధ్యాహ్నం విజయవాడ ఎండలో పిల్లల్ని బయటికి పంపలేం నిజమే, కానీ ఆ వంక సాయంత్రానికి చెల్లదు. టీవీ గేమ్‌ని పోల్చాల్సింది ట్యాబ్ గేమ్‌తో. మైదానంతో పోటీ పెడితే రెండూ ఓడతాయి.

ఎక్కే ఆట, ఎక్కని ఆట

ట్యాబ్‌ని టీవీకి కలపడానికి రెండు దారులున్నాయి: తీగ, గాలి. తీగ దారిలో ట్యాబ్ చార్జింగ్ రంధ్రం నుంచి హెచ్‌డీఎంఐ కేబుల్‌తో టీవీకి కలుపుతారు. రంధ్రం యూఎస్‌బీ–సి ఆకారంలో ఉన్నంత మాత్రాన బొమ్మ బయటికి రాదు. లోపల వీడియో పంపే ఏర్పాటు ఉండాలి. ఖరీదైన ట్యాబుల్లో అది ఉంటుంది, చవక రకాల్లో చాలావాటిలో ఉండదు. బడిపిల్లలకి ఇచ్చిన గెలాక్సీ ట్యాబ్ ఏ7 లైట్ రకంలోనూ లేదు. విజయవాడ బీసెంట్ రోడ్డుకి వెళ్లి అడాప్టర్ కొనేముందు ఇది తెలుసుకోకపోతే డబ్బు దండగ. గాలి దారిలో 2012లో వచ్చిన మిరాకాస్ట్, 2013లో గూగుల్ తెచ్చిన క్రోమ్‌కాస్ట్, యాపిల్ వాళ్ల ఎయిర్‌ప్లే ఉన్నాయి. ట్యాబ్ తెర పైనుంచి కిందికి లాగి ‘కాస్ట్’ అనో ‘స్మార్ట్ వ్యూ’ అనో ఉన్నది నొక్కి, జాబితాలో టీవీ పేరు ఎంచుకుంటే చాలు. మిరాకాస్ట్‌కి ఇంటర్నెట్ కూడా అక్కర్లేదు. క్రోమ్‌కాస్ట్‌కి రెండు పరికరాలూ ఒకే వైఫైలో ఉండాలి. 2017 డిసెంబరు 27న అప్పటి రాష్ట్రపతి రామ్‌నాథ్ కోవింద్ చేతుల మీదుగా మొదలైన ఏపీ ఫైబర్‌నెట్, నెలకి 149 రూపాయల ప్లాన్‌తో టీవీ చానళ్లనీ ఇంటర్నెట్‌నీ ఒకే తీగలో ఇవ్వచూపింది. ప్రైవేటు ఫైబర్ కంపెనీలూ ఉన్నాయి. ఇంట్లో వైఫై ఉండడం ఇప్పుడు గొప్పింటి గుర్తు కాదు.

బొమ్మ టీవీలోకి వచ్చిన క్షణం నుంచే చిక్కులు మొదలవుతాయి. వాటిని దాచి ఈ అలవాటుని పొగడడం సరికాదు. గాలి దారిలో బొమ్మ చేరడానికి సెకనులో పదో వంతో, అంతకంటే ఎక్కువో ఆలస్యమవుతుంది. టీవీ తన వంతుగా బొమ్మకి మెరుగులు దిద్దడానికి ఇంకాస్త తీసుకుంటుంది. సినిమాకి ఈ జాప్యం లెక్కలోకి రాదు, క్రికెట్ గేమ్‌లో ప్రాణం తీస్తుంది. గంటకి 140 కిలోమీటర్ల వేగంతో వేసిన బంతి బ్యాట్స్‌మన్‌ని చేరడానికి అర సెకను కూడా పట్టదు. అందులో పదో వంతు సెకను దారిలోనే పోతే టీవీ చూసి కొట్టేవాడి వికెట్ ఎగిరిపోయినట్టే. టీవీ సెట్టింగుల్లో ‘గేమ్ మోడ్’ పెడితే కొంత తగ్గుతుంది, తీగ అయితే ఇంకా తగ్గుతుంది. రెండో చిక్కు వేళ్లది. ట్యాబ్‌లో కనిపించిన చోటే వేలు పెడతాం. టీవీ వైపు చూస్తూ ఆడితే బొమ్మ అక్కడ, వేలు ఇక్కడ. ఏ బటన్ ఎక్కడుందో తడుముకోవాలి. బ్లూటూత్ కంట్రోలర్ కొంటే ఈ బాధ తీరుతుంది, అయితే దానికి అన్ని గేమ్‌లూ లొంగవు. మూడోది ఆకారం. లూడో లాంటివి ట్యాబ్‌ని నిలువుగా పట్టుకుని ఆడేలా చేస్తారు. 43 అంగుళాల టీవీలో ఆ నిలువు బొమ్మ మధ్యలో సన్నగా నిలబడి, రెండు పక్కలా నల్లటి ఖాళీ మిగులుతుంది. లెక్కేస్తే లూడో బల్ల పన్నెండున్నర అంగుళాల చదరంగా తేలుతుంది, అంటే కొట్లో కొనుక్కునే అట్ట లూడో అంత. అంత టీవీ పెట్టుకుని చివరికి అట్టముక్కంత ఆట ఆడుతున్నామన్నమాట!

అయినా ఈ చిక్కులు వడపోతలాగా పనిచేస్తాయి. ఏ ఆటలు టీవీకి ఎక్కవో చూడండి: కన్నార్పకుండా కాల్చాల్సినవి, క్షణం ఆలస్యమైతే చచ్చిపోయేవి, ఆపితే వెనకబడిపోతామని భయపెట్టి కూర్చోబెట్టేవి. ఎక్కేవి వంతుల ఆటలు: లూడో, వైకుంఠపాళి, క్యారమ్స్, పదబంధాలు, క్విజ్, చదరంగం. వీటిలో జాప్యం ఎవరికీ అడ్డు కాదు, ఆలోచించే వ్యవధిలో పక్కవాళ్లు మాట్లాడొచ్చు. 2020 లాక్‌డౌన్ రోజుల్లో ముంబై వైపు కంపెనీ చేసిన లూడో కింగ్ దేశమంతా వ్యాపించడానికి కారణం అది కొత్త ఆట కావడం కాదు, నలుగురు కలిసి ఆడే పాత ఆట కావడమే. చదరంగానికైతే కృష్ణా డెల్టా పుట్టిల్లు లాంటిది. గుడివాడలో పుట్టి 2002లో పదిహేనేళ్లకే గ్రాండ్‌మాస్టరై, 2019లో, 2024లో ప్రపంచ ర్యాపిడ్ విజేతగా నిలిచిన కోనేరు హంపికి తొలి గురువు తండ్రి అశోకే. పక్కన కూర్చుని చూసే పెద్ద మనిషి ఉంటే ఆట ఎంత దూరం వెళుతుందో చెప్పడానికి ఇంతకంటే ఉదాహరణ అక్కర్లేదు. ప్రతి ఇంట్లో గురువు ఉండడు గానీ, టీవీలో బల్ల కనిపిస్తుంటే "ఆ గుర్రం పోతుందిరా" అనగల బాబాయి ఉంటాడు.

హక్కుదారులున్న తెర

ఆట టీవీకి ఎక్కాలనడానికి అసలు కారణం ఇంకా లోతుగా ఉంది. ట్యాబ్‌కి ఇంట్లో హక్కుదారు ఒక్కడే. వాడు ఆపేదాకా ఆపమని అడిగే అవసరం ఇంకొకరికి లేదు. టీవీకి హక్కుదారులు చాలామంది. ఏడింటికి సీరియల్, ఎనిమిదింటికి వార్తలు, వేసవి సాయంత్రాలు ఐపీఎల్, ఆదివారం మధ్యాహ్నం సినిమా. టీవీలో గేమ్ ఆడే పిల్లాడు ఈ వరసలో ఒక సందు సంపాదించుకోవాలి, సందు ముగిశాక దిగిపోవాలి. దిగమని చెప్పేది నీతులు చెప్పే నాన్న కాదు, సీరియల్ మొదలవుతోందని తొందరపెట్టే నాన్నమ్మ. ఈ తేడా చిన్నది కాదు. ఒక నియమాన్ని ఎవరో పైనుంచి రుద్దితే పిల్లలు ఎదురుతిరుగుతారు. పక్కవాడి వంతు వచ్చిందంటే గొణుగుతూనైనా లేస్తారు. తొంభైల్లో రెండు జాయ్‌స్టిక్‌ల పెట్టె చేసిన పని ఇదే. పిల్లల్ని అదుపు చేయాలని దాన్ని ఎవరూ తయారుచేయలేదు, కొరత తన పని తాను చేసింది.

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో ఆమోదించి 2022 జనవరి నుంచి అమలులోకి తెచ్చిన వ్యాధుల పట్టికలో ‘గేమింగ్ రుగ్మత’ని చేర్చింది. దాని లక్షణాలు మూడు: ఆట మీద అదుపు తప్పడం, మిగతా పనులన్నిటికంటే ఆటే ముఖ్యమైపోవడం, నష్టం కనిపిస్తున్నా మానలేకపోవడం. సాధారణంగా ఏడాదిపాటు ఇలా కొనసాగితేనే రుగ్మత అంటారు. ఈ నిర్వచనంలో గంటల లెక్క లేదు. రోజుకి ఇన్ని గంటలు దాటితే జబ్బు అని ఎక్కడా రాయలేదు. చూడమన్నది ప్రవర్తనని: పిలిస్తే పలుకుతున్నాడా, ఓడితే ఏం చేస్తున్నాడు, భోజనానికి లేస్తున్నాడా. ఇవి గమనించాలంటే ఆట కళ్లముందు జరగాలి. దుప్పటి కింద జరిగే ఆట గురించి తల్లిదండ్రులకి తెలిసేది చార్జింగ్ ఎంత తగ్గిందన్నదొక్కటే.

చోటు కాకుండా గడియారాన్ని నమ్ముకుంటే ఏమవుతుందో చైనా చూపించింది. 2021 ఆగస్టు చివర్లో అక్కడి ప్రభుత్వం పద్దెనిమిదేళ్ల లోపు వాళ్లు శుక్ర, శని, ఆదివారాల్లో, సెలవు దినాల్లో రాత్రి 8 నుంచి 9 వరకే ఆన్‌లైన్ గేమ్‌లు ఆడాలని నిబంధన పెట్టింది. పెద్దల పేరుతో లాగిన్ అయ్యే పిల్లల్ని పట్టుకోవడానికి టెన్సెంట్ లాంటి కంపెనీలు మొహం గుర్తించే సాంకేతికత వాడాల్సి వచ్చింది. మన దగ్గర దారి నిషేధాలది. ఆన్‌లైన్ రమ్మీ, పోకర్ లాంటి వాటిని నిషేధించాలని 2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్ నిర్ణయించింది. అదే నెలలో కేంద్రం పబ్జీ మొబైల్‌ని ఆపింది. ఆ ఆట మరుసటి ఏడాదే బీజీఎంఐ పేరుతో తిరిగొచ్చింది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం డబ్బు పెట్టి ఆడే గేమ్‌లన్నిటినీ నిషేధించింది. జేబులకి చిల్లు పడకుండా ఈ చట్టం అవసరమే. కానీ పైసా పందెం లేని గేమ్ ఒక పన్నెండేళ్ల పిల్లాడి రాత్రి నిద్రని మింగేస్తుంటే ఏ చట్టమూ చూడలేదు. ఆ పని ఇంటిదే, ఇంటికి మొహం గుర్తించే సాంకేతికత అక్కర్లేదు, హాలు చాలు. అమెరికా పిల్లల వైద్యుల సంఘం 2016లో తల్లిదండ్రులకి ఇచ్చిన సలహాల్లో కూడా నిమిషాలతో పాటు చోటు ఉంది: పడకగదిలోకి, భోజనం దగ్గరికి తెరలు వద్దని, చిన్నపిల్లలు చూసేది పెద్దలూ కలిసి చూడాలని.

డబ్బు విషయంలోనూ హాలుదే పైచేయి. ఉచిత గేమ్‌లు నడిచేది ప్రకటనల మీద, నాణేలు, పాత్రల తొడుగులు, తుపాకుల అమ్మకాల మీద. కొనమని అడిగే పెట్టె చిన్న తెర మీద లేచి, వేలు తగలగానే మాయమవుతుంది. నాన్న ఫోన్లో యూపీఐ ఉంటే లెక్క నెలాఖరుకి గానీ తెలియదు. అదే పెట్టె మూడడుగుల వెడల్పున హాల్లో వెలిగితే "ఏంట్రా అది, ఎంత అడుగుతోంది" అనే గొంతు వెంటనే లేస్తుంది. ఏ రకం ప్రకటనలు మన పిల్లలకి చూపిస్తున్నారో చాలామంది తల్లిదండ్రులు మొదటిసారి చూసేదీ అప్పుడే.

కాదనేవాళ్ల మాట

ఇంత చెప్పినా మిగిలే గట్టి అభ్యంతరం ఒకటుంది. టీవీలో ఆడి దిగిన పిల్లాడు మళ్లీ ట్యాబ్ తీసుకుని మంచమెక్కితే మొత్తం తెర సమయం పెరిగినట్టే కదా? అవును, పెరుగుతుంది. రెండేళ్లలోపు పిల్లలకి తెర వద్దని, రెండు నుంచి ఐదేళ్ల వాళ్లకి గంట మించొద్దని భారతీయ శిశువైద్యుల సంఘం 2021లో చెప్పిన మాట టీవీకీ వర్తిస్తుంది. అందుకే ‘టీవీలో కూడా’ ఆడనివ్వడం వల్ల ఉపయోగం లేదు, ‘టీవీలోనే’ ఆడాలన్నది నియమం కావాలి. గేమ్‌లు ఒకే ట్యాబ్‌లో ఉండాలి, ఆ ట్యాబ్ హాల్లో టీవీ పక్కన చార్జింగ్ పెట్టాలి. టీవీకి ఎక్కని గేమ్ ఇంట్లో ఉండకూడదు. ఈ ఒక్క షరతు లేకపోతే పైన చెప్పినదంతా వృథా.

రెండో అభ్యంతరం ఇబ్రహీంపట్నం లాంటి ఊళ్లలో మరీ నిజం. థర్మల్‌లో, కొండపల్లి పారిశ్రామికవాడలో షిఫ్టులు నడుస్తాయి. రాత్రి డ్యూటీ చేసి వచ్చిన మనిషి పగలు నిద్రపోతాడు. హాల్లో గేమ్ మోత మోగితే ఇంట్లో యుద్ధమే. ఒకే గది ఉన్న ఇంట్లో హాలనేది వేరుగా ఉండదు, పదో తరగతి చదివే అక్క పుస్తకం అక్కడే తెరవాలి. తల్లిదండ్రులిద్దరూ పనికి వెళ్లే ఇంట్లో హాల్లో టీవీ ఉన్నా చూసే కళ్లుండవు. ఈ ఇళ్లకి టీవీ గేమ్ సర్వరోగ నివారిణి అని చెప్పడం మోసం. శబ్దం కట్టేసి ఆడే వంతుల ఆటలు కొంత దారి చూపిస్తాయి. పెద్దవాళ్లు ఇంట్లో ఉన్న వేళకే గేమ్ అన్న నియమం ఇంకొంత. చదువుకునే పిల్ల ఉన్న ఒంటిగది ఇంట్లో పరీక్షల రోజుల్లో టీవీ, గేమ్ రెండూ ఆగాల్సిందే. అయితే ఒకటి గమనించాలి. ఈ ఇబ్బందుల్లో చాలావరకు ఆట ఇతరులకి వినపడడం, కనపడడం వల్ల వచ్చినవే. ఇబ్బంది కలిగితేనే మాట్లాడుకుంటారు, సర్దుకుంటారు. చెవుల్లో ఇయర్‌ఫోన్‌లతో మూలన కూర్చుని ఆడే ఆట ఎవరికీ ఇబ్బంది కాదు, కాబట్టే దాని గురించి ఎవరూ అడగరు.

మూడోది ఎదిగిన పిల్లల వైపు నుంచి వచ్చే మాట. పదిహేనేళ్ల అమ్మాయికో అబ్బాయికో తనదంటూ కొంత చాటు ఉండకూడదా? ఉండాలి. స్నేహితులతో మాటలు, డైరీ, చదివే పుస్తకం, ఏడుపు, ఇవన్నీ తనవే. ఆటకి ఆ చాటు అక్కర్లేదు. కబడ్డీ, క్రికెట్ చాటుగా ఎవరూ ఆడరు. ఇక్కడ పెద్దలు తీసుకోవాల్సిన జాగ్రత్త కూడా ఉంది. తెర మొత్తాన్ని టీవీకి పంపితే గేమ్‌తోపాటు వచ్చే వాట్సాప్ సందేశాలు, బ్యాంకు ఓటీపీలు హాల్లో అందరికీ కనిపిస్తాయి. గేమ్‌కి వాడే ట్యాబ్‌లో సిమ్ కార్డు, బ్యాంకు యాప్‌లు లేకుండా చూసుకోవాలి, ఆడేటప్పుడు నోటిఫికేషన్లు ఆపేయాలి. పిల్లల సందేశాలు చదవడానికి టీవీని దొడ్డిదారిగా వాడుకునే తల్లిదండ్రులకి రెండోసారి ఆ అవకాశం రాదు. పిల్లలు హాల్లోకి రావడమే మానేస్తారు. ఇక కరెంటు ఖర్చు గురించిన భయం చిన్నది. 43 అంగుళాల ఎల్‌ఈడీ టీవీ రోజూ గంటసేపు నడిచినా నెలకి రెండు మూడు యూనిట్లు దాటదు.

ఇక చేయాల్సిన పనులు ముగ్గురివి. హైదరాబాద్, విజయవాడల్లో గేమ్‌లు చేసే యువకులు టీవీ తెరని మొదటినుంచే దృష్టిలో పెట్టుకోవాలి. అడ్డంగా పరిచే బల్ల, ఎనిమిది అడుగుల నుంచి చదవగల తెలుగు అక్షరాలు, వంతులు, ఒకే తెర మీద నలుగురు ఆటగాళ్లు ఉండాలి. తెలుగులో అలాంటి గేమ్‌లు వేళ్ల మీద లెక్కపెట్టేటన్నే కనిపిస్తాయి కాబట్టి ఇందులో వ్యాపారమూ ఉంది. తల్లిదండ్రులు గంటల మీద రోజూ బేరమాడడం మాని చోటు మీద ఒక్కసారి తేల్చేసుకోవాలి, తేల్చాక పక్కన కూర్చుని తామూ ఓ వంతు ఆడాలి. పెద్దలు కూర్చోని హాలు పడకగది కంటే ఏమంత మెరుగు కాదు. ప్రభుత్వం మళ్లీ ఎప్పుడు పిల్లలకి ట్యాబులు ఇచ్చినా టెండరు షరతుల్లో టీవీకి బొమ్మ పంపే సదుపాయం చేర్చాలి, పాఠమైనా ఆటైనా ఇంటిల్లిపాదీ చూసేలా ఉండాలి. ట్యాబుకి సాఫ్ట్‌వేర్ తాళం వేయడానికి ఇంజినీర్లని పెట్టిన ప్రభుత్వానికి ఒక కేబుల్ పెద్ద భారం కాదు. తాళాన్ని ఊడదీసే పిల్లలు, నాన్నమ్మ పక్కన కూర్చుని చూస్తున్న టీవీని ఊడదీయలేరు.